అమ్మీ పక్కన జానమాజ్ పరుస్తున్నాను, నమ్మకం లేకుండా

ప్రశ్న

ఆపా, నాకు 26 ఏళ్లు. మాది మదనపల్లె. నేను ఆరో తరగతిలో ఉండగా బెంగళూరు వచ్చేశాం. ట్యానరీ రోడ్డు పక్క సందులో ఉంటాం. నాన్నకు శివాజీనగర్‌లో పాత కార్ల సామాన్ల షాపు ఉంది. నేను మాన్యతా టెక్ పార్కులో ఒక కంపెనీ అకౌంట్స్‌లో పనిచేస్తున్నాను. మా సందులో, బంధువుల్లో, నా స్కూలు స్నేహితుల్లో ముస్లిం కానివాళ్లు ఒక్కరూ లేరు.

లాక్‌డౌన్‌లో మొదటిసారి ఖురాన్‌ను తర్జుమాతో కలిపి, అర్థం తెలుసుకుంటూ పూర్తిగా చదివాను. ఈమాన్, అంటే విశ్వాసం, గట్టిపడుతుందనే మొదలుపెట్టాను. పెరిగింది మాత్రం ప్రశ్నలే. మూడేళ్లుగా నాకు దేవుడి మీద నమ్మకం లేదు. ఏ దేవుడి మీదా లేదు. ఇంట్లో ఎవరికీ ఈ సంగతి తెలియదు. రోజూ సాయంత్రం మగ్రిబ్ నమాజుకి అమ్మీ పక్కన జానమాజ్ (నమాజు చాప) పరుస్తాను. సజ్దాలో నేలకు నుదురు ఆనించి ఆఫీసు లెక్కలు ఆలోచిస్తుంటాను. నమాజు అయ్యాక అమ్మీ దువా చదివి నా నుదుటి మీద ఊదుతుంది. ఇంత మోసం చేస్తున్నానా అని అప్పుడు ఏడుపొస్తుంది.

ఇప్పుడు రియాద్‌లో పనిచేసే అబ్బాయి సంబంధం వచ్చింది. పెళ్లయ్యాక అక్కడికే తీసుకెళ్తాడట. వచ్చే నెల చూడ్డానికి వస్తున్నారు. నేను వేరే పేరుతో ఇన్‌స్టాగ్రామ్‌లో ఒక అకౌంట్ నడుపుతున్నాను. నా మనసులో ఉన్నదంతా అక్కడే రాస్తాను. అదొక్కటే నాకు ఊపిరి. ఈ రంజాన్‌లో అందరూ ఇఫ్తార్‌కి కూర్చున్నప్పుడు నిజం చెప్పేసి, ఏదో ఒకటి తేల్చుకోవాలనిపిస్తోంది. చెప్పమంటారా? దాచమంటారా?

సమాధానం

చెల్లీ, కాగితం మీద రాసి ఫోటో తీసి పంపిన నీ ఉత్తరంలో ముందు అక్కా అని రాసి, కొట్టేసి, ఆపా అని రాశావు. ఎలా పిలిచినా పలుకుతాను. మాది నంద్యాల వైపు దూదేకుల ఇల్లు. ఇంట్లో తెలుగే మాట్లాడేవాళ్లం. నాయన పరుపులు కుట్టేవాడు. నీలాగే నేనూ నమ్మకం పోయినదాన్నే. ఈ ఊరికి వచ్చి ముప్పై ఏళ్లు దాటింది. నీ ఉత్తరం మూడుసార్లు చదివాను, అందుకే జవాబు కాస్త పొడుగైంది.

రియాద్ సంగతి ముందు మాట్లాడుకుందాం, దానికి గడువు ఉంది కాబట్టి. ఆ సంబంధం వద్దు. ఇందులో నాకు రెండో ఆలోచన లేదు.

సౌదీ ఇప్పుడు చాలా మారిందని మీ ఇంట్లో అంటారు. నిజమే. 2016లో అక్కడి మత పోలీసులకు మనుషుల్ని అరెస్టు చేసే అధికారం తీసేశారు. 2018 నుంచి ఆడవాళ్లు కారు నడుపుతున్నారు. 2019లో, 21 ఏళ్లు దాటిన ఆడవాళ్లు మగవాళ్ల అనుమతి లేకుండా పాస్‌పోర్టు తీసుకోవచ్చన్నారు. నర్సులుగా, టీచర్లుగా వెళ్లిన మనవాళ్లు ఎందరో అక్కడ బాగానే ఉన్నామంటారు, అది నిజమే అయ్యుంటుంది. కానీ వాళ్లకు వదులైన చోటే నీకు బిగుసుకుంటుంది. 2014 మార్చిలో ఆ దేశపు హోం శాఖ ఏమేం చేస్తే ఉగ్రవాదమో ఒక జాబితా ఇచ్చింది. నాస్తిక భావాలను ఏ రూపంలో ప్రచారం చేసినా అది ఉగ్రవాదమేనని అందులో ఉంది. రైఫ్ బదావీ అనే అతను చేసిందల్లా ఒక వెబ్‌సైటు పెట్టి రాయడం. ఇస్లాంను అవమానించాడని అదే ఏడాది అతనికి పదేళ్ల జైలు, వెయ్యి కొరడా దెబ్బలు శిక్ష వేశారు. 2015 జనవరి 9న జెద్దాలో మసీదు బయట, జనం చూస్తుండగా మొదటి 50 దెబ్బలు కొట్టారు. 2022 మార్చికి గానీ అతను జైలు నుంచి బయటికి రాలేదు. వచ్చాక కూడా పదేళ్లపాటు దేశం దాటకూడదన్నది శిక్షలో భాగమే.

హిందువుగా పుట్టి దేవుణ్ణి నమ్మని తెలుగువాడు రియాద్‌లో ఉద్యోగం చేసుకుని రావచ్చు. అక్కడివాళ్ల లెక్కలో అతను పరాయి మతస్థుడు. నమాజు ఎందుకు చదవలేదని అతన్ని ఎవరూ అడగరు. నీ సంగతి అలా కాదు. వాళ్ల లెక్కలో నువ్వు ముస్లింవి. ముస్లిం నమ్మకం వదిలేస్తే దాన్ని ఇర్తిదాద్ అంటారు, అక్కడి చట్టం దృష్టిలో అది మరణశిక్ష దాకా పోగల నేరం. నీ ఇన్‌స్టాగ్రామ్ అకౌంట్ నీ ఫోన్‌లోనే ఆ దేశంలో దిగుతుందని గుర్తుపెట్టుకో. రియాద్ కాకపోతే దుబాయ్ అంటారేమో. దుబాయ్ కొంత నయమే గానీ, మతాన్ని అవమానించడాన్ని నేరంగా చూసే చట్టం అక్కడా 2015లో వచ్చింది.

సరే, దేశం మాట పక్కన పెడదాం. నాకు అంతకంటే భయం వేసేది ఆ ఫ్లాట్ తలుచుకుంటే. నీ మనసు తెలియని మనిషితో, అతని స్పాన్సర్‌షిప్ మీద వచ్చిన వీసాతో, అమ్మీ లేని ఊళ్లో ఉంటావు. అతను మంచివాడే కావచ్చు. ఒకరోజు నీ ఫోన్ చూస్తాడు, లేదా తెల్లవారుజామున ఫజ్ర్ నమాజుకి ఎందుకు లేవడం లేదని అడుగుతాడు. ఆ రోజు నువ్వు బయటికి నడిచి ఎక్కడికి పోతావు? బెంగళూరులో అయితే పోవడానికి ఒక ఆఫీసు ఉంది, ఒక బస్సు ఉంది, వంద రూపాయలకు ఆటో ఉంది.

ఈ సంబంధం కాదనడానికి నీ నాస్తికత్వం బయటపెట్టాల్సిన పని లేదు. పిల్ల ఒప్పుకోకుండా నిఖా కాదు. పిల్ల తరఫు వకీలు, సాక్షులుగా గవాలు వచ్చి ఒప్పుకుంటున్నావా అని అడిగేది అందుకే. ఆ హక్కు నీకు మతమే ఇచ్చింది, అది వాడుకో. పెళ్లే వద్దని నాన్నతో అనకు. అంటే ఇంకెవరో ఉన్నారని అనుమానం మొదలవుతుంది, ఆ తర్వాత నీ మాట ఎవరూ వినరు. "నాన్నా, అంత దూరం నేను పోలేను, ఉద్యోగం వదులుకోలేను, మీకు దగ్గర్లోనే ఉంటాను" అని చెప్పు. ఇందులో అబద్ధం ఒక్కటీ లేదు. షాపు నుంచి వచ్చి, భోజనం చేసి, కాసేపు తీరిగ్గా కూర్చునే వేళ చూసుకుని చెప్పు. ముందు అమ్మీకి ఒక్కదానికే చెప్పి, ఆమెను నీ వైపు తిప్పుకున్నాక నాన్న దగ్గరికి వెళ్లు. మన ఇళ్లల్లో నిర్ణయాలు ముందు వంటింట్లో అయ్యాకే హాల్లోకి వస్తాయి.

ఇక చెప్పాలా, దాచాలా అన్న ప్రశ్న. అందరికీ చెప్పాల్సిన బాకీ నీకు లేదు. మేనమామకు లేదు, సందులోవాళ్లకు లేదు, మసీదు కమిటీకి అసలే లేదు. మనసులో ఏముందో ఊరందరికీ లెక్క చెప్పాలని రాజ్యాంగమూ అనలేదు. 25వ అధికరణం ఇచ్చింది అంతరాత్మ స్వేచ్ఛ. నమ్మకం లేదని చెప్పుకునే హక్కు అందులోనే ఉంది, చెప్పకుండా ఉండే హక్కూ అందులోనే ఉంది. నువ్వు నిజం చెప్పి తీరాల్సింది ఒక్క మనిషికే, నిన్ను పెళ్లి చేసుకోబోయేవాడికి. అది కూడా నిశ్చితార్థానికి ముందే. అతని దగ్గర దాస్తే మాత్రం అది మోసమే, ఎందుకంటే అతను తన జీవితాన్ని, పుట్టబోయే పిల్లల్ని నీ మాట మీద పెడుతున్నాడు.

ఎలా చెప్పాలో కూడా ఆలోచించుకో. "నేను నాస్తికురాలిని" అనగానే చాలామందికి ఇక మిగతా ఏమీ వినపడదు. ఏం చేస్తావో, ఏం చేయవో చెప్పు. నేను నమాజు చదవను, రోజా (ఉపవాసం) ఉండను, పండక్కి మీ ఇంట్లో అందరితో ఉంటాను, పిల్లలు పెద్దయ్యాక వాళ్లకు నచ్చింది వాళ్లు ఎంచుకోవాలి, ఇది నీకు సమ్మతమేనా? ఇలా అడుగు. ఎదురుగా కూర్చుని అడుగు, చాట్‌లో వద్దు. చాట్ స్క్రీన్‌షాట్ అవుతుంది, స్క్రీన్‌షాట్ ఫ్యామిలీ గ్రూపులోకి పోతుంది. మన వాళ్లలో శుక్రవారం జుమాకు తప్ప మసీదు మెట్లు ఎక్కని మగపిల్లలు ఎంతమందో నీకూ తెలుసు. వాళ్లను ఎవరూ నాస్తికులు అనరు, బద్ధకం అంటారు, పెళ్లయితే దారికొస్తాడంటారు. అదే ఆడపిల్ల చేస్తే ఖాందాన్ పరువు పోయిందంటారు. ఆ మగపిల్లల్లో ఒకడు నిన్ను అర్థం చేసుకునేవాడు కావచ్చు. అలాంటి మనిషి దొరికేదాకా ఆగడానికి 26 పెద్ద వయసేమీ కాదు.

దొరికినప్పుడు నిఖాతో పాటు, లేదా నిఖా లేకుండానే, 1954 స్పెషల్ మ్యారేజ్ చట్టం కింద పెళ్లి చేసుకునే దారి ఉంది. ఇద్దరూ ఒకే మతంలో పుట్టినవాళ్లయినా చేసుకోవచ్చు. కేరళలో షుక్కూర్ అనే లాయరు, ఆయన భార్య షీనా 1994లో నిఖా చేసుకున్నవాళ్లే. 2023 మార్చి 8న ఇదే చట్టం కింద మళ్లీ పెళ్లి రిజిస్టరు చేయించుకున్నారు. వాళ్లకు ముగ్గురూ ఆడపిల్లలే. కొడుకు లేకపోతే ముస్లిం పర్సనల్ లా కింద ఆడపిల్లలకు ఆస్తిలో మూడింట రెండు వంతులే వస్తుంది, మిగిలింది తండ్రి తోబుట్టువులకు పోతుంది. ఈ చట్టం కింద పెళ్లయితే వారసత్వానికి భారత వారసత్వ చట్టం వర్తిస్తుంది. ఒక చిక్కు మాత్రం ముందే తెలుసుకో. పెళ్లికి 30 రోజుల ముందు నోటీసు ఇవ్వాలి, దాన్ని రిజిస్ట్రార్ ఆఫీసులో అందరికీ కనపడేలా అంటిస్తారు. ఇంట్లో తెలియకుండా చేసుకుందామనుకునే వాళ్లకు ఆ కాగితమే గండం. నోటీసు ఇచ్చే ముందు ఎక్కడ ఉండాలో, ఎవరు తోడుంటారో చూసుకోవాలి.

ఆస్తి మాట వచ్చింది కాబట్టి ఇంకొకటి. మతం వదిలేసినంత మాత్రాన ఆస్తి హక్కు పోదని 1850లోనే ఒక చట్టం వచ్చింది. కానీ నమ్మకం వదిలేసినవాళ్లకు వారసత్వంలో షరియత్ వర్తించాలా, అందరికీ ఉన్న వారసత్వ చట్టం వర్తించాలా అన్నది వేరే ప్రశ్న. దీని మీద కేరళకు చెందిన సఫియా అనే ఆమె వేసిన పిటిషన్‌ను 2024 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు విచారణకు తీసుకుంది. నువ్విప్పుడు దీని కోసం ఏమీ చేయనక్కర్లేదు, ఇలాంటి కేసు ఒకటి ఉందని తెలిసి ఉంటే చాలు. పేరు మార్చుకోవడం, మతం లేదని సర్టిఫికెట్ తెచ్చుకోవడం కూడా ఇప్పుడు వద్దు. తమిళనాడులో స్నేహా పార్తిబరాజా 2019లో కులమతాలు లేవని సర్టిఫికెట్ తెచ్చుకున్నారు. పుట్టిన బిడ్డ సర్టిఫికెట్‌లో మతం లేదు, కులం లేదు అని రాసే వీలు కల్పించాలని 2023లో తెలంగాణ హైకోర్టు ఆదేశించింది. నీకు అవసరం పడినప్పుడు ఆ దారులు ఉంటాయి.

ఇఫ్తార్ దగ్గర అందరి ముందు చెప్పేస్తానన్నావు. చెల్లీ, నేను చేసింది అదే.

1994 రంజాన్. నాకు 24. ఇక్కడ ఉద్యోగంలో చేరి ఏడాదైంది. సెలవు పెట్టి ఇంటికి వెళ్లాను. ఆ రోజు ఇంటి నిండా జనం. చిన్నాయన వాళ్లు, మేనత్తలు, మసీదులో నమాజు చదివించే హజ్రత్ కూడా వచ్చారు. ఖర్జూరం చేతిలో పెట్టుకుని అందరూ అజాన్ కోసం చూస్తున్నారు. నేను నీళ్లు తాగేశాను. అమ్మ చూసి ఏంటమ్మా అంది. "నేను రోజా లేను, నాకు నమ్మకం లేదు, ఇకమీదట నటించను" అని చదివి బట్టీ పట్టుకొచ్చిన పాఠంలా చెప్పాను. నా గొంతు వణకలేదని ఆ రోజు గర్వపడ్డాను. నాయన ఏమీ అనలేదు. అజాన్ వినపడ్డాక ఖర్జూరం తిని, నీళ్లు తాగి, నమాజుకు వెళ్లిపోయాడు. ఆరేళ్లు నాతో మాట్లాడలేదు.

అంతకంటే పెద్ద దెబ్బ నా చెల్లెలికి తగిలింది. దానికి అప్పటికే ఒక సంబంధం దాదాపు ఖాయమైంది. పెద్దపిల్ల ఇలాంటిదైతే రెండోది ఎలా ఉంటుందో అని వాళ్లు వెనక్కి తగ్గారు. దాని పెళ్లికి ఇంకో రెండేళ్లు పట్టింది. ఆ మాట అది ఈ రోజు వరకు నా ముందు ఎత్తలేదు, అదే నాకు బరువు. నమ్మకం పోయినందుకు నేనెప్పుడూ బాధపడలేదు. ఆ వేళ, ఆ జనం ముందు చెప్పినందుకు మాత్రం ఇప్పటికీ బాధపడతాను. నిజం చెప్పాలన్న తపన కొంతే. ఆ హజ్రత్ ముందు గెలవాలన్న పంతం దానికంటే ఎక్కువ. ఆయన ముందు నాయన తల వంగిపోతుందని నాకు తట్టనే లేదు.

ఆరో ఏడు నాయన చెప్పకుండా బెంగళూరు వచ్చాడు. బస్సు మీద ఒక పరుపు వేసుకుని వచ్చాడు. కొత్త దూదితో తనే కుట్టాడు. నా గదిలో పరిచి, చేత్తో నాలుగు వైపులా తట్టి, "నేల చలికి నడుము పట్టేస్తుంది, దీని మీద పడుకో" అన్నాడు. మతం మాట ఆయనా ఎత్తలేదు, నేనూ ఎత్తలేదు. అందరు నాయనలూ ఆరేళ్ల తర్వాత పరుపు తెస్తారని నేను చెప్పలేను. అందుకే నిన్ను ఇఫ్తార్ దగ్గర నోరు తెరవొద్దంటున్నాను.

ఇప్పుడు నీ ఉత్తరంలో నన్ను ఎక్కువ ఏడిపించిన మాట, అమ్మీ పక్కన జానమాజ్. అది మోసమా అని అడిగావు. కాదు. ఉగాది నాడు దేవుని కడప గుడికి ముస్లింలు వెళ్లి పూజ చేయించుకుంటారు. బీబీ నాంచారమ్మ మా ఆడబిడ్డ, ఆమె అత్తింటికి సారె తీసుకెళ్తున్నాం అంటారు. మా ఊళ్లో పీర్ల పండుగకు పీరు ఎత్తుకునేవాళ్లలో సగం మంది ముస్లింలు కారు. వాళ్ల నమ్మకం ఎంతుందో ఎవరూ తూచలేదు. మన రాయలసీమలో మనుషులు ఒకరి కోసం ఒకరు చేసే పనులు అన్నీ దేవుడి లెక్కలోకే పోవు. నువ్వు మగ్రిబ్ వేళ అమ్మీ పక్కన పది నిమిషాలు నిలబడుతున్నావు. ఆ పది నిమిషాలు అమ్మీకి ఇస్తున్నవి. ఆమె నుదుటి మీద ఊదే దువా కూడా నీ నమ్మకానికి ఇచ్చే బహుమానం కాదు, బిడ్డవు కాబట్టి ఊదుతుంది. తీసుకో.

మా అమ్మ 2011లో పోయింది. ఆమెకు ఆఖరి స్నానం, గుసుల్, చేయించడానికి ఆడవాళ్లు కూర్చుంటే నేనూ వెళ్లి కూర్చున్నాను. ఒక పెద్దామె నన్ను చూసి సందేహించింది. నా చెల్లెలే చెంబు నా చేతికిచ్చింది. దువాలు వాళ్లు చదివారు, నేను నీళ్లు పోశాను. అమ్మ పాదాల పగుళ్లు నా చేత్తో తోమాను. అక్కడ నేను చేసింది ఏ దేవుడి కోసమూ కాదు, నటనా కాదు.

అయితే అలా నిలబడటం నీకు ఊపిరాడనట్టు అయితే తగ్గించుకునే దారులు కూడా ఉన్నాయి. ఆఫీసు షిఫ్ట్ మార్చుకుంటే మగ్రిబ్, రాత్రి ఇషా నమాజులు బయటే గడిచిపోతాయి. నెలసరి రోజుల్లో నమాజు, రోజా ఎలాగూ లేవు. రంజాన్‌లో ఆ వారం ఒక్కటే హాయిగా నీళ్లు తాగగలిగానని నాతో చెప్పిన ఆడపిల్లలు చాలామంది. ఆ వారంలోనూ ఇంట్లో మగవాళ్లు చూడకుండా తలుపు చాటున తినే అలవాటు మనవాళ్లది. మిగతా రోజులు ఆఫీసు దగ్గర తిను. దాని గురించి నిన్ను నువ్వు దొంగ అనుకోకు.

ఇన్‌స్టాగ్రామ్ అకౌంట్ సంగతికి వస్తే నాకు నిజంగా భయం వేస్తోంది. 2017 మార్చిలో కోయంబత్తూరులో ఫారూక్ అనే 31 ఏళ్ల అతన్ని నరికి చంపారు. ద్రావిడర్ విడుదలై కళగం అనే పెరియార్ వాదుల సంస్థలో పనిచేసేవాడు, దేవుడు లేడని వాట్సాప్‌లో, ఫేస్‌బుక్‌లో రాసేవాడు. అతని తండ్రి, కొడుకు నమ్మిన దారిలోనే నేనూ నడుస్తానని తర్వాత పత్రికలవాళ్లతో చెప్పారు. మీ ఇంటికి కూతవేటు దూరంలో 2020 ఆగస్టు 11 రాత్రి ఏం జరిగిందో నువ్వు చూసే ఉంటావు. ఎవరో ప్రవక్త మీద ఒక ఫేస్‌బుక్ పోస్టు పెడితే డీజే హళ్లి తగలబడింది, పోలీసు కాల్పుల్లో ముగ్గురు పోయారు. ఇది ఒక్క మతంలోనే ఉన్న జబ్బు కాదు. పూణేలో మూఢనమ్మకాల మీద పోరాడిన దభోల్కర్‌ను, ధార్వాడలో పండితుడు కల్బుర్గిని, ఇదే బెంగళూరులో 2017 సెప్టెంబర్ 5న జర్నలిస్టు గౌరీ లంకేశ్‌ను కాల్చి చంపింది ముస్లింలు అని ఎవరూ అనలేదు. నీ సందులో ఉన్నవాళ్లందరూ కత్తులు పట్టుకుని కూర్చోలేదు కూడా. కోవిడ్‌లో ఏ మతం శవమని చూడకుండా మోసి అంత్యక్రియలు చేసిన కుర్రాళ్లు ఈ ఊరి ముస్లిం వాడల్లోంచే వచ్చారు. కానీ హాని చేయడానికి వందమంది అక్కర్లేదు, ఒక్కడు చాలు.

అకౌంట్ మూసేయమని అనను, నీకు అది ఊపిరి అన్నావు. కానీ కొన్ని మార్చుకో. నీ మామూలు ఫోన్ నంబరు, మెయిల్ దానికి తగిలించి ఉంటే ఇవాళే తీసేయి. నంబరు ఉంటే నీ కజిన్ ఫోన్‌కే "మీకు తెలిసినవాళ్లు" అని ఆ అకౌంట్ చూపిస్తుంది. మీ సందు, మీ కిటికీ, మీ ఇంటి కప్పులు కనిపించే ఫోటోలు తీసేయి. ప్రవక్తను ఎగతాళి చేసే బొమ్మలు, మాటలు పెట్టకు. భారతీయ న్యాయ సంహితలో 299 సెక్షన్ ఉంది, మత విశ్వాసాలను కావాలని అవమానించారని కేసైతే మూడేళ్ల దాకా జైలు. కేసు భయం ఒక్కటే కాదు, ఆ ఎగతాళి మీ అమ్మీ చెవిన పడితే ఎలా ఉంటుందో ఊహించుకో. నీ ప్రశ్న రాయి, నీ దుఃఖం రాయి. వాటికి ఎగతాళి అక్కర్లేదు.

ఇంకొకటి కూడా గమనించు. నీ పోస్టులకు చప్పట్లు కొట్టేవాళ్లలో ఎవరెవరున్నారు? వాళ్లలో కొందరికి నువ్వు అక్కర్లేదు. చూశారా, వాళ్ల పిల్లే చెప్తోంది అని మీ నాన్నను తిట్టడానికి నీ మాటలు కావాలి. నువ్వు నమ్మకం వదిలేసినా ఈ ఊరికి నీ పేరు పేరే. రేపు విడిగా గది వెతుక్కోవడానికి వెళ్తే, పేరు వినగానే "ఇప్పుడే వేరేవాళ్లకు ఇచ్చేశాం" అంటారు. నాకు 1990ల్లోనూ అన్నారు, మొన్న మా మేనకోడలికీ అన్నారు. 2022లో హిజాబ్ వేసుకున్న పిల్లల్ని కాలేజీ గేటు దగ్గర ఆపేసినప్పుడు నేను హిజాబ్‌ను నమ్మేదాన్ని కాకపోయినా వాళ్ల వైపే మాట్లాడాను. గుడ్డ వేసుకోమని బలవంతం చేసేవాడూ, తీసెయ్యమని బలవంతం చేసేవాడూ నాకు ఒక్కటే. నమ్మకం లేకపోవడానికీ, మన మనుషుల్ని చిన్నచూపు చూడటానికీ సంబంధం లేదు. నీ బుర్ఖా సంగతి ఉత్తరంలో రాయలేదు. ఆఫీసుకు వెళ్లి తీసేసి, తిరిగొచ్చేటప్పుడు వేసుకుంటున్నావేమో. అలాగే చేస్తూ ఉంటే తప్పేం లేదు.

నీకు కావాల్సింది వేలమంది ఫాలోయర్లు కాదు, ఎదురుగా కూర్చుని టీ తాగే ఇద్దరు మనుషులు. తెలుగు నాస్తికులకు ఒక ఇల్లు ఉంది. గోరా, సరస్వతి గోరా 1940లో ముదునూరులో మొదలుపెట్టి 1947లో విజయవాడకు తెచ్చిన నాస్తిక కేంద్రం. బెంగళూరులో హెచ్. నరసింహయ్య గారు ఉండేవారు. బెంగళూరు యూనివర్సిటీ వైస్ చాన్సలర్‌గా ఉంటూ 1976లో మహిమలను పరీక్షించే కమిటీ వేసి పుట్టపర్తి బాబాకే ప్రశ్నలు పంపారు. బసవనగుడి నేషనల్ కాలేజీలో 1962లో ఆయన మొదలుపెట్టిన సైన్స్ ఫోరమ్ ఉపన్యాసాలకు నేను చాలా ఏళ్లు వెళ్లాను. అక్కడ ఎవరూ నా మతం అడగలేదు. అయినా ఒక లోటు ఉండేది. ఆ మిత్రులు జంధ్యం, జాతకం, శ్రాద్ధం గురించి మాట్లాడేవాళ్లు. ఇఫ్తార్ వేళ కడుపులో దేవినట్టు అవుతుందని, జహన్నం (నరకం) భయంతో రాత్రి మెలకువ వస్తుందని చెబితే వాళ్లకు అర్థమయ్యేది కాదు. నీకూ ఆ మెలకువ వస్తుంటే తెలుసుకో, నమ్మకం పోయిన చాలా ఏళ్ల దాకా ఆ భయం ఒంట్లో ఉండిపోతుంది. నాకు నలభై దాటాక పోయింది. మరీ తట్టుకోలేనప్పుడు మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీ మానస్ 14416కి చెయ్యి, తెలుగులోనే మాట్లాడతారు, పేరు చెప్పనక్కర్లేదు.

ఈ ఒంటరితనం నీతో మొదలైంది కూడా కాదు. వెయ్యేళ్ల కింద సిరియాలో అల్ మఅర్రీ అనే గుడ్డి కవి ఉండేవాడు. అన్ని మతాలనూ ప్రశ్నించాడు, 80 ఏళ్లు దాటి బతికాడు, తన ఊళ్లోనే మంచం మీద పోయాడు. 2013లో కొందరు సాయుధులు వచ్చి అతని విగ్రహం తల నరికారు. ముస్లిం సమాజాల్లో ప్రశ్న అడిగినవాళ్లు ఎప్పుడూ ఉన్నారు, వాళ్లతో కలిసి బతికిన ఇరుగుపొరుగూ ఎప్పుడూ ఉన్నారు.

కాగితాల పని ఒకటి మిగిలింది. పదో తరగతి నుంచి డిగ్రీ దాకా సర్టిఫికెట్లు, పాస్‌పోర్టు, ఆధార్, పాన్ నీ ఆఫీసు లాకర్‌లో పెట్టుకో. జీతం పడే అకౌంట్ ఏటీఎం కార్డు, పిన్ నీ దగ్గరే ఉండాలి. ఆరు నెలల ఖర్చుకు సరిపడా డబ్బు పక్కన పడేదాకా ఇంట్లో ఎవరికీ ఏమీ చెప్పకు. ఇదంతా మీ నాన్న చెడ్డవాడని కాదు, నేనాయన్ని చూడలేదు కూడా. ఆడపిల్ల బయటికి రావాల్సి వచ్చిన ఇళ్లల్లో ఎక్కువగా ఆగిపోయేది కాగితాల దగ్గరే. ఎవరైనా చెయ్యి చేసుకున్నా, గదిలో పెట్టి తాళం వేసినా 112కి ఫోన్ చెయ్యి, మహిళల హెల్ప్‌లైన్ 181 కూడా ఉంది. 2005 గృహహింస చట్టం భార్యలకే కాదు, పుట్టింట్లో ఉన్న ఆడపిల్లలకూ వర్తిస్తుంది.

నిన్ను ఎవరూ గుర్తుపట్టకుండా నీ ఉత్తరంలో కొన్ని వివరాలు మార్చాను. నువ్వు రాసిన అసలు కాగితం ఇంకా ఇంట్లో ఉంటే రేపు ఆఫీసుకు తీసుకెళ్లి చించేయి. ఫోన్‌లో ఫోటో కూడా తీసేయి, డిలీట్ చేసినవి ఉండే ఫోల్డర్‌లోంచి కూడా. రియాద్ వాళ్లు వచ్చే తేదీ దగ్గరపడకముందే, ఈ వారంలోనే అమ్మీతో మాట మొదలుపెట్టు. ఆమె ఏమందో నాకు రాయి.